ఎదురు కూర్చున్న ఆదెమ్మ

అనగనగా అంటే ఎన్నేళ్ళ కిందట అని అడక్కండి. ఏళ్ళను లెక్కపెట్టేవాడు అప్పటికింకా పుట్టలేదు. కాళ్ళ కింద కదలకుండా పడి ఉండే నేల ఒకటుంటుందని ఎవరూ కలలో కూడా అనుకోని రోజులవి. మబ్బులనాడులో ఊళ్ళన్నీ దీవుల మీద, దీవులన్నీ గాలి మీద. పైన ఆకాశం, కింద మబ్బు. మబ్బు కింద ఏముందో చూడబోయినవాళ్ళు ఉన్నారు గానీ, చూసొచ్చి చెప్పినవాళ్ళు లేరు.

ఆ దీవుల్లో పళ్ళెందీవి ఒకటి. పేరుకు తగ్గట్టే గుండ్రంగా, చదునుగా, అన్నం తినే పళ్ళెంలా ఉండేది. నీళ్ళ మీద వదిలిన పళ్ళెం ఎలా ఉంటుందో గాలి మీద ఇదీ అంతే. ఈ పక్క బరువు పెడితే ఈ పక్కకు ఒరుగుతుంది. ఆ పక్క బరువు పెడితే ఆ పక్కకు ఒరుగుతుంది. రెండు పక్కలా సమానంగా పెడితే బుద్ధిగా కూర్చుంటుంది. ఇందులో అర్థం కాకపోవడానికి ఏముంది? పాలు తాగే పిల్లకు చెప్పినా అర్థమవుతుంది. పళ్ళెందీవి జనానికి మాత్రం తెలిసిన సంగతిని తెలియనట్టు బతకడం బాగా అలవాటు.

ఎందుకంటే వాళ్ళకు తూర్పంటే మోజు. తూర్పున పొద్దు ముందు పొడుస్తుంది. తూర్పున గాలి మెత్తగా వీస్తుంది. తూర్పున ఇల్లుంటే వంశం వర్ధిల్లుతుందని సిద్ధాంతి చెప్పాడు. మరి ఆ సిద్ధాంతి ఇల్లెక్కడ? తూర్పునే. ఊరిపెద్ద గరటయ్య ఇల్లెక్కడ? తూర్పునే. గరటయ్య పెళ్ళాం సూరాంబ మేడ మీద మేడ వేయించి, దాని మీద ఇంకో గది వేయించి, ఆ గదిలో ఎవరూ పడుకోకపోయినా రోజూ ఊడ్పిస్తుంది కదా, ఆ మేడ ఎక్కడ? అదీ తూర్పునే, అంచుకు నాలుగు బారల్లో.

మరి పడమట ఏముంది? ఈడ్చికొట్టే గాలి ఉంది. గుండ్ల గుట్ట ఉంది. ఆదెమ్మ ఉంది.

ఆదెమ్మ పని ఎదురు కూర్చోవడం. వాళ్ళమ్మమ్మ అదే పని చేసింది, వాళ్ళమ్మ అదే పని చేసింది, ఇప్పుడు ఆదెమ్మ చేస్తోంది. తూర్పున ఎవరైనా గోడ లేపితే, ఆ గోడకు సరిపడా రాళ్ళు గంపకెత్తుకుని పడమటికి మోయాలి. తూర్పున నలుగురు గుమిగూడితే, గుట్టలోంచి గుండ్లను పడమటి అంచుకు దొర్లించాలి. గుండు అంచుకు పోయేకొద్దీ దాని బలం పెరుగుతుంది. అంచు మీద కూర్చున్న ఒక్క మనిషి నడిమధ్య నిలబడ్డ పదిమందికి సమానం. ఆ నలుగురూ చెదిరిపోగానే మళ్ళీ గుండ్లను వెనక్కి దొర్లించాలి. లేకపోతే దీవి ఇటు ఒరుగుతుంది. "గుండ్లను అంచునే వదిలేసి హాయిగా పోవచ్చు కదా?" అని అడిగిన మహానుభావులు కూడా ఉన్నారు. ఆదెమ్మ వాళ్ళ మొహాల్లోకి చాలాసేపు చూసి, గంప సర్దుకుని వెళ్ళిపోయేది. ఏం చెబుతుంది? అలా అడిగినవాడికి చెప్పడం కంటే గుండు దొర్లించడమే సుఖం.

ఆదెమ్మ గుడిసె నడిమధ్య ఒక ఖాళీ ఉట్టి వేలాడేది. ఆ ఉట్టి తూర్పు గోడ వైపు జరిగితే దీవి తూర్పుకు ఒరిగినట్టు. అది చూడగానే ఆదెమ్మ పని వదిలేసి, తింటున్న ముద్ద వదిలేసి, ఊళ్ళోకి పరుగెత్తేది. అక్కడ ఏముంటుంది? రెండు పొట్టేళ్ళు కొట్టుకుంటుంటాయి. చుట్టూ ఊరంతా ఉంటుంది. ఆదెమ్మ నడుం మీద చేతులు పెట్టుకుని అరిచేది.

"అందరూ ఇటే అయితే అటెవరర్రా?"

ఊరంతా ఒక్క గొంతుతో అనేది. "నువ్వున్నావు కదత్తా!"

తర్వాత పకపకా నవ్వు. వాళ్ళకది నవ్వులాట. ఆదెమ్మ అరవడం, వాళ్ళు నవ్వడం, ఆదెమ్మ తిట్టుకుంటూ వెనక్కి పరుగెత్తడం, గుండు దొర్లించడం. ఇళ్ళలో గంజి కుండలు పక్కకు జారినప్పుడు మాత్రం, "ఈ ఆదెమ్మ ఏం చేస్తున్నట్టు? పని మీద ధ్యాసే లేదు" అని విసుక్కునేవాళ్ళు.

సూరాంబ ఆ పై గది వేయించినప్పుడు ఆదెమ్మ నెత్తి మీద మూడు వందల గంపలు నడిచాయి. మూడు వందో గంప ఎత్తుకుంటుంటే సూరాంబ పై గది కిటికీలోంచి తల బయటపెట్టింది.

"ఒసే ఆదెమ్మా! కాస్త మెల్లిగా నడవవే. నీ అడుగుల చప్పుడుకి మా పిల్లలు లేస్తున్నారు."

"మెల్లిగా నడుస్తానమ్మా. మీరు మెల్లిగా కట్టుకోండి మరి."

"ఏం మాటలే అవి? నాకేమన్నా సరదానా? తూర్పున ఎత్తు ఉంటే మంచిదని సిద్ధాంతిగారన్నారు."

"అంటారమ్మా. గంప నా నెత్తిన కదా ఉంది, ఆయన నెత్తిన లేదు కదా."

సూరాంబ కిటికీ తలుపు ధడాలున వేసేసింది. దానికి కూడా దీవి వెంట్రుక వాసి ఒరిగిందని ఆదెమ్మ ఆ తర్వాత ఊరంతా చెప్పుకుంది.

ఆదెమ్మకు ఒక మనవరాలు. పేరు పైడి. తల్లీ తండ్రీ లేకపోతే ఆదెమ్మే పెంచింది. పిల్ల పాకే వయసులో పడమటి గాలి ఎక్కడ ఎగరేసుకుపోతుందోనని చీర కొంగుతో నడుముకు కట్టేసుకుని గుండ్లు దొర్లించేది. పైడి పెద్దదయింది. గొడుగుదీవి నుంచి సంబంధం వచ్చింది. పావురాల మీద కబుర్లు నడిచాయి. పిల్లాడు బుద్ధిమంతుడు, గొర్రెలున్నాయి, తల్లి నోరు మంచిది. ఇంకేం కావాలి?

కావలసింది ఒకటే. గొడుగుదీవి పళ్ళెందీవి పక్కకు ఏడు వానాకాలాలకొకసారి గానీ రాదు. గాలి మోసుకొచ్చి తూర్పు అంచున ఆనిస్తుంది. ఇటువాళ్ళు అటు, అటువాళ్ళు ఇటు తాళ్ళు విసురుకుని రెండు దీవుల్నీ కట్టేసుకుంటారు. మధ్యన పలక వేస్తారు. పొద్దున వచ్చిన దీవి మధ్యాహ్నం గాలి తిరిగేదాకానే ఉంటుంది. ఆ కాస్త సమయంలోనే తాళి కట్టాలి, తలంబ్రాలు పోయాలి, పెళ్ళికూతురు పలక దాటి అటు వెళ్ళాలి. గాలి తిరిగాక తాళ్ళు విప్పకపోతే రెండు దీవులూ చీలిపోతాయి. విప్పారంటే మళ్ళీ ఏడు వానలు. ఆదెమ్మ తన మోకాళ్ళను అడిగింది, తన ఊపిరిని అడిగింది, తన కళ్ళను అడిగింది. ఏడు వానలు ఉంటామని ఒక్కటీ మాటివ్వలేదు.

ఆదెమ్మ తన పెళ్ళి తప్ప జన్మలో ఒక్క పెళ్ళి చూడలేదు. ఊళ్ళో ఎవరి పెళ్ళయినా ఆమె పడమటి అంచున బండ మీద కూర్చుని ఉండేది. కన్నకూతురి పెళ్ళికి కూడా అక్కడే కూర్చుంది. సన్నాయి వినబడేది. మనుషులు కనబడేవాళ్ళు కాదు. పైడి పెళ్ళి మాత్రం చూడాలనుకుంది. పిల్ల మెడలో తాళి పడటం, పిల్ల పలక దాటడం. ఈ రెండూ చూస్తే చాలు. అంతకంటే ఏమీ అడగలేదు, ఎవరినీ ఏమీ అడిగిన మనిషి కాదు.

పెళ్ళికి మూడు రోజుల ముందు గరటయ్య దగ్గరికి వెళ్ళింది.

"పెద్దయ్యా, ఒక్క పూట. పిల్ల పలక దాటేదాకా నా బండ మీద మీరు కూర్చుంటారా? గుండ్లు నేను ముందే దొర్లించి ఉంచుతాను. ఊరికే కూర్చుంటే చాలు."

"దానికేం భాగ్యం ఆదెమ్మా! కూర్చోవడం నాకు చేతకాని పనా? వెళ్ళి పెళ్ళి పనులు చూసుకో."

ఆదెమ్మకు నమ్మకం కుదరలేదు. సిద్ధాంతి దగ్గరికి వెళ్ళింది.

"అయ్యా, పెద్దయ్యను అడిగాను. ఒకవేళ ఆయన మరిచిపోతే మీరు కూర్చుంటారా?"

"తప్పకుండా తల్లీ. నా నోటి మాట ఎప్పుడన్నా తప్పిందా?"

తప్పని మాట ఏదైనా ఉందేమో గుర్తు చేసుకుంటూ ఆదెమ్మ సూరాంబ దగ్గరికి వెళ్ళింది.

"అమ్మా, మీ ఆయన్నడిగాను, సిద్ధాంతిగారినడిగాను. ఇద్దరూ సరేనన్నారు. అందుకే భయంగా ఉంది. మీరు కూర్చుంటారా?"

సూరాంబ ఆదెమ్మ రెండు చేతులూ పట్టుకుంది. "ఒసే పిచ్చిదానా, ఇంతగా అడగాలా? పైడి నీకు మనవరాలైతే నాకు కాదా? నేను కూర్చుంటానే. నువ్వు కళ్ళారా చూసుకో."

ఆ మాట నిజంగానే అంది. అన్నప్పుడు కళ్ళు కూడా చెమర్చాయి. కళ్ళు చెమర్చడానికి ఏం ఖర్చు?

ముగ్గురిని అడిగాను, ఎవరో ఒకరు రాకపోరు అనుకుంది ఆదెమ్మ. అక్కడే పప్పులో కాలేసింది. ఒక్కరినే అడిగి ఉంటే ఆ ఒక్కరు కాళ్ళీడ్చుకుంటూ అయినా వచ్చి ఉండేవారు. ముగ్గురిని అడిగేసరికి, మిగతా ఇద్దరూ ఉన్నారు కదా అని ముగ్గురూ గుండెల మీద చెయ్యి వేసుకుని నిద్రపోయారు. పళ్ళెందీవి జనం గుణం ఇదే. పదిమంది ఉన్నచోట పని చెప్పారంటే అది పని కాకుండా పోయిందన్నమాటే.

పెళ్ళి రోజు పొద్దున్నే గొడుగుదీవి వచ్చి ఆనింది. తాళ్ళు పడ్డాయి. పలక పడింది. ఆదెమ్మ ముందుగానే గుండ్లన్నీ అంచున వరస పెట్టింది. పెట్టెలోంచి పసుపుపచ్చ చీర తీసింది. నెత్తికి నూనె రాసుకుని, దువ్వుకుని, నెత్తిన గంప లేకుండా ఊళ్ళోకి నడిచింది. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

పందిట్లో ఆడవాళ్ళు నోళ్ళు తెరిచారు. "ఏంటత్తా, నువ్విక్కడున్నావు?"

"మనవరాలి పెళ్ళే! నేనుండకూడదా?"

"అయ్యో, అలా కాదు. నిన్నిక్కడ చూడటం అలవాటు లేదు కదా, ఎవరో అనుకున్నాం."

పైడి తల ఎత్తి చూసింది. బుగ్గన చుక్క పెట్టుకుని, పూల బరువుకి మెడ వంచుకుని కూర్చున్న పిల్ల ఒక్కసారిగా నవ్వేసింది.

"అమ్మమ్మా! ఇటు రా. నా పక్కనే కూర్చో. ఎక్కడికీ వెళ్ళకు."

ఆదెమ్మ కూర్చుంది. పిల్ల భుజానికి భుజం ఆనించింది. సన్నాయి తన పెళ్ళి తర్వాత మళ్ళీ ఇప్పుడే దగ్గరగా విన్నది. దూరం నుంచి వింటే ఏడుపులా ఉండేది, దగ్గర్నుంచి వింటే చెవులు పగిలిపోతున్నాయి. అయినా బాగుంది. జీలకర్ర బెల్లం పెట్టారు. ఆదెమ్మ కళ్ళార్పకుండా చూసింది.

అప్పుడు పళ్ళెంలో తలంబ్రాల బియ్యం ఒక పక్కకు జారాయి.

ఇంకెవరూ చూడలేదు. ఆదెమ్మ చూసింది. ఆ తర్వాత కలశం మీద కొబ్బరికాయ కదిలింది. ఆ తర్వాత రెండు దీవుల మధ్యన పలక కిర్రుమంది. ఆదెమ్మ తలెత్తి చుట్టూ చూసింది. ముందు వరసలో గరటయ్య తాంబూలం నములుతున్నాడు. పీటల ముందు సిద్ధాంతి మంత్రాలు చదువుతున్నాడు. ఆడవాళ్ళ మధ్యలో, ఒంటి నిండా నగలతో, అందరికంటే ఎత్తయిన పీట మీద సూరాంబ కూర్చుని ఉంది.

"పెద్దయ్యా! మీరిక్కడున్నారేమిటి?"

గరటయ్య తాంబూలం బుగ్గన పెట్టుకున్నాడు. "అదేంటి? సిద్ధాంతిగారు వెళ్తున్నారు కదా?"

సిద్ధాంతి మంత్రం ఆపాడు. "పెళ్ళి చేయించేవాణ్ణి నేనెలా వెళ్తానయ్యా? అమ్మగారు వెళ్తారనుకున్నాను."

సూరాంబ నగలు సర్దుకుంది. "మా ఆయన ఉన్నాడు కదా అనుకున్నానే. పైగా నా మోకాళ్ళు నీకు తెలియనివా?"

ఆదెమ్మ లేచి నిలబడింది. గుండెల్లోంచి అరిచింది.

"అందరూ ఇటే అయితే అటెవరర్రా?"

"నువ్వున్నా..." అని మొదలుపెట్టిన ఊరు సగంలో ఆగిపోయింది. నవ్వడానికి కూడా కుదరలేదు.

"లేవండి! సగం మంది లేచి పడమటికి నడవండి! పలక విరుగుతుంది!"

ఎవరైనా లేచారా? ఒకరినొకరు చూసుకున్నారు. ముందు వరసవాళ్ళు వెనక వరసవాళ్ళను లేవమన్నారు. వెనక వరసవాళ్ళు, ఇప్పటికే ఏమీ కనబడి చావడం లేదు, ఇంకా వెనక్కి పొమ్మంటారా అన్నారు. లేస్తే చోటు పోతుందని ఒకావిడ చెంగు పరిచి మరీ కూర్చుంది. ఆ చెంగు పరిచినావిడను ఏమనాలో ఆదెమ్మకు తెలిసిన తిట్లలో దొరకలేదు. పలక మళ్ళీ కిర్రుమంది. దాని మీద పెళ్ళికొడుకు చెల్లెళ్ళు హారతి పళ్ళెం పట్టుకుని నిలబడి ఉన్నారు.

పైడి చెయ్యి పట్టుకుంది. "అమ్మమ్మా, వెళ్ళకే."

"వెళ్ళకపోతే నువ్వు దాటలేవే తల్లీ."

"ఇంకెవరూ లేరా?"

ఆదెమ్మ ఊరంతటినీ ఒకసారి చూసింది. "ఊరు నిండా ఉన్నారు" అంది. పిల్ల తల మీద చెయ్యి వేసి, తీసి, పరుగెత్తింది.

పసుపుపచ్చ చీర మోకాళ్ళకు చుట్టుకుంటుంటే ఎగ్గట్టి పరుగెత్తింది. ఎగువకు పరుగు. దీవి అప్పటికే తూర్పుకు ఒరిగి పడమర కొండలా లేచింది. గుట్ట దగ్గరికి చేరి, పెట్టిన గుండ్లకు తోడు ఒక గుండు దొర్లించింది. చాలలేదు. రెండోది దొర్లించింది. చాలలేదు. మూడోది, ఇద్దరు మగవాళ్ళు పట్టాల్సినది, వీపు ఆనించి తోసింది. నడుములో ఏదో పుటుక్కుమంది. అప్పుడు ఎక్కి బండ మీద కూర్చుంది. దీవి మెల్లగా, మెల్లగా చదునుకు వచ్చింది.

అక్కడి నుంచి తూర్పు వైపు చూసింది. సూరాంబ మేడ కనబడింది. మేడ మీద మేడ కనబడింది. దాని మీద గది కనబడింది. పందిరి కనబడలేదు.

సన్నాయి వినబడింది. డోలు గబగబా మోగింది. తాళి కట్టినట్టున్నారు అనుకుంది. తర్వాత కేకలు, నవ్వులు. తలంబ్రాలయినట్టున్నాయి అనుకుంది. తర్వాత అంతా ఒక్కసారి నిశ్శబ్దం. ఆదెమ్మ రెండు అరచేతులూ బండ మీద ఆనించింది. జన్మంతా దీవి బరువులు ఒంటితో చూసిన మనిషి. తూర్పు అంచు వెంట్రుక వాసి పైకి లేచింది. ఎంత లేచిందో అంతే. ఒక్క పిల్ల బరువు. కొంగున కట్టుకుని మోసిన బరువు ఆమెకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది?

పైడి దాటింది.

గాలి తిరిగింది. తాళ్ళు విప్పిన కేకలు వినబడ్డాయి. ఆదెమ్మ కదలలేదు. కదిలితే ఎలా? తూర్పున ఇంకా జనం ఉన్నారు.

పొద్దు వాలే వేళకు సూరాంబ ఆకులో బూరెలు కట్టుకుని వచ్చింది. జన్మలో మొదటిసారి పడమటికి రావడం, గాలికి చీర నిలవక తిప్పలు పడుతూ వచ్చింది.

"ఒసే ఆదెమ్మా! పెళ్ళెంత బాగా జరిగిందో తెలుసా? పైడి ఎలా ఉందనుకున్నావు! కళ్ళు చాలవనుకో."

ఆదెమ్మ తిడుతుందని సూరాంబ సిద్ధపడే వచ్చింది. తిట్టు మొదలవగానే ఏం చెప్పాలో దారంతా కూడబలుక్కుంది. ఆదెమ్మ తిట్టలేదు. నడుం పట్టుకుని, బండ దిగలేక దిగి, బూరెల పొట్లం అందుకుంది.

"పెళ్ళి కనబడలేదమ్మా. మీ మేడ బాగా కనబడింది" అంది.

అంతే అంది. సూరాంబ ఇంటికి వెళ్ళింది. ఆ రోజు ఆమెకు ముద్ద దిగలేదంటారు. దిగకూడదు కూడా.

తర్వాత మూడు వానలు వెళ్ళాయి. ఆదెమ్మ నడుం వంగిపోయింది గానీ నోరు వంగలేదు. నాలుగో వానకు ముందు, ఒక పొద్దున, బండ మీద కూర్చుని కూర్చునే పోయింది.

ఊరంతా కదిలింది. బతికుండగా ఆ గుడిసె గడపలో అడుగు పెట్టనివాళ్ళు కదిలారు. గంజి కుండ జారిందని విసుక్కున్నవాళ్ళు కదిలారు. పెళ్ళిలో చెంగు పరిచినావిడ అందరికంటే ముందు కదిలింది. ఎవరినీ తప్పుపట్టలేం. ఏడుపు నిజమైనదే. నిజమైన ఏడుపుతోటే ఊరు ఊరంతా పడమటి అంచుకు వచ్చి, పాడె చుట్టూ మూగింది. మబ్బులనాడులో చనిపోయినవాళ్ళను అంచు నుంచి మబ్బుకిస్తారు. ఆఖరిసారి మొహం చూడాలని అందరూ ముందుకు తోసుకున్నారు.

దీవి పడమటికి ఒరిగింది.

ఎంతగా ఒరిగిందంటే, అన్నేళ్ళూ తూర్పుకు ఒరిగిన బాకీ అంతా ఒక్కసారి తీర్చుకున్నట్టు ఒరిగింది. తూర్పున ఇళ్ళల్లో దుత్తలు దొర్లాయి. కట్టేసిన గొర్రెలు తాళ్ళకు వేలాడాయి. ఆదెమ్మ మోసిన గుండ్లన్నీ ఒకదాన్నొకటి తోసుకుంటూ అంచు దాటి మబ్బులో పడుతున్నాయి. ఎవరూ ఎత్తకుండానే పాడె అంచు వైపు జారడం మొదలుపెట్టింది. నలుగురు పట్టుకుని ఆపారు. ఆ నలుగురి కాళ్ళు కూడా జారుతున్నాయి.

అప్పుడు జనం అంతా ఒక పని చేశారు. తలలెత్తి అటూ ఇటూ చూశారు. ఎందుకు చూస్తున్నారో మొదట వాళ్ళకే తెలియలేదు. తిట్టు కోసం చూస్తున్నారు. ఎవరో ఒకరు నడుం మీద చేతులు పెట్టుకుని వచ్చి, నాలుగు పెట్టి, పొమ్మంటారని చూస్తున్నారు. తిట్టే మనిషి పాడె మీద ఉంది.

"ఎవరైనా తూర్పుకి వెళ్ళండర్రా!" అన్నాడు గరటయ్య, పాడె కొయ్య వదలకుండా.

"మీరు వెళ్ళండి పెద్దయ్యా."

"ఊరిపెద్దను, నేను లేకపోతే ఎలా? సిద్ధాంతిగారూ..."

"మంత్రం ఎవరు చెబుతారయ్యా?"

"మేమెలా వెళ్తాం? అత్తను ఆఖరిచూపు చూడొద్దూ?" అన్నారు ఆడవాళ్ళు. ఎంత ప్రేమ ఉన్నవాళ్ళు అంత గట్టిగా కూర్చున్నారు. ప్రేమతోటే ఊరిని మబ్బులో కలిపేసేలా ఉన్నారు.

సూరాంబ పాడెకు పది అడుగుల దూరంలో ఉంది. ముందున్నవాళ్ళ తలలు అడ్డు. మొహం ఇంకా చూడలేదు. దారి ఇవ్వమంటే ఇచ్చేవాళ్ళు, ఊరిపెద్ద పెళ్ళాం కదా. అడగలేదు. మెడలో గొలుసులు పైకి జరుపుకుని, చీర ఎగ్గట్టింది.

"ఎక్కడికే?" అన్నాడు గరటయ్య.

"ఆ రోజు వెళ్తానని వెళ్ళలేదు. ఇవాళ చూడాలనున్నా చూడను" అంది సూరాంబ. "మీరందరూ ఉండండి. బాగా చూసుకోండి. కళ్ళారా చూసుకోండి, దిక్కుమాలిన మొహాలు మీరూను!"

వెనక్కి తిరిగి నడవడం మొదలుపెట్టింది. నడక కాదది, కొండ ఎక్కడమే. మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని ఎక్కింది. చేతులు నేలకు ఆనించి ఎక్కింది. ఆఖరికి పాకింది. మధ్యలో ఒక్కసారి కూడా వెనక్కి చూడలేదు. తన మేడ దాటి, తూర్పు అంచున నేల మీద కూర్చుంది. పీట లేదు, దిండు లేదు. వీపు పాడె వైపు, మొహం ఖాళీ ఆకాశం వైపు.

ఒక్క మనిషి. అంచున ఒక్క మనిషి.

జారుతున్న పాడె ఆగింది.

అది చూసి పైడి ఈడు పిల్లలు ముగ్గురు లేచి తూర్పుకు నడిచారు. వాళ్ళ వెనక ఇంకో పదిమంది. చెంగు పరిచినావిడ చెంగు దులుపుకుని లేచింది. ఆదెమ్మ అంటే నిజంగా ప్రాణం పెట్టేవాళ్ళు ఒక్కొక్కళ్ళే లేచి, మొహం చూడకుండానే వెళ్ళి, సూరాంబ పక్కన వరసగా కూర్చున్నారు. దీవి మెల్లగా, మెల్లగా చదునుకు వచ్చింది. ఆదెమ్మను మబ్బుకిచ్చినప్పుడు పాడె మీద పువ్వు ఒక్కటి కూడా పక్కకు జారలేదట.

తూర్పున కూర్చున్నవాళ్ళకు అదేమీ కనబడలేదు. అంతా అయ్యాక సూరాంబ, "ఎలా ఉంది మొహం?" అని అడిగింది. చూసినవాళ్ళు చెప్పారు. వాళ్ళు చెప్పిందంతా విని, "నడుం నొప్పి ఉన్నట్టు కనబడిందా?" అని అడిగింది. లేదన్నారు. అబద్ధమో నిజమో వాళ్ళకే తెలియాలి.

అదిగో, అప్పటి నుంచి మబ్బులనాడులో ఎవరూ పడమర అనరు. ఆదెమ్మ దిక్కు అంటారు. ఆ వైపు నుంచి గాలి విసిరికొడితే, "లేవండర్రా, ఆదెమ్మ కసురుతోంది" అని తల్లులు పిల్లలను చెరో వైపు పంపిస్తారు. ఎదురు కూర్చోవడం ఇప్పుడు ఒక్కరి పని కాదు, ఇంటింటికీ వంతు. పెళ్ళయినా చావయినా, ఏ ఊళ్ళోనైనా సగం మంది వస్తారు, సగం మంది ఎదురు అంచున కూర్చుంటారు. వచ్చినవాళ్ళు ముఖపరిచయం ఉన్నవాళ్ళు. ఎదురు కూర్చున్నవాళ్ళు అయినవాళ్ళు. మొదటి తాంబూలం పందిట్లో ఎవరికీ ఇవ్వరు. పెళ్ళికూతురి తల్లి దాన్ని చేత్తో పట్టుకుని, ఊరు దాటుకుని నడిచి వెళ్ళి, అక్కడ కూర్చున్నవాళ్ళ చేతుల్లో పెట్టాకే పెళ్ళి అయినట్టు.

మబ్బులనాడులో ఇప్పటికీ ఎవరి మీదైనా బాగా మండిపోతే జనం ఒకటే మాట అంటారు. "పోవే, నీ కూతురి పెళ్ళికి తప్పకుండా వస్తాను." అనిపించుకున్నావిడ మొహం కందగడ్డలా అయిపోతుంది. మూడు రోజులు మాటలుండవు.

అదే, ప్రాణానికి ప్రాణమైన స్నేహితురాలు పెళ్ళికి పిలుద్దామని కుంకుమ భరిణె పట్టుకుని గడపలోకి వస్తే, లోపలి నుంచి ఈమె పిండి చేతులతోటే ఎదురొచ్చి గట్టిగా కావలించుకుంటుంది.

"నేను రాను వదినా" అంటుంది. "నీ బిడ్డ పెళ్ళికి నేను రానే రాను."

పిలవడానికి వచ్చినావిడ అక్కడే, గడపలోనే, కొంగుతో కళ్ళు ఒత్తుకుంటుంది.